ఐలమ్మ చేతి బెల్లం

సూరత్ శివారు ఉన్‌లో మగ్గపు పనివాళ్లుండే ఆ గల్లీలో ఏ పిల్లాడి గొంతులో ఏది పడినా ముందు డాక్టరు గుర్తుకు రాడు, ఐలమ్మ గుర్తుకొస్తుంది. చింతగింజ కానివ్వండి, రూపాయి బిళ్ల కానివ్వండి, చీరలకు అంటించే అద్దపు రాయి కానివ్వండి, తల్లి పిల్లాణ్ణి చంకనేసుకుని పరుగెత్తుకొచ్చేది ఆమె గడపకే. ఐలమ్మ కంగారు పడదు. “ఏంగాదు తియ్యే, గంత ఆగమైతవేందే!” అని తల్లినో కసురు కసిరి, గూట్లోంచి స్టీలు డబ్బా దించి, అరటిపండులో బెల్లం ముక్క కూరి పిల్లాడి నోట్లో పెడుతుంది. ఒకటి రెండు రోజుల్లో ఆ వస్తువు పోవాల్సిన దారిన పోతుంది. తల్లి కొబ్బరికాయ పట్టుకుని వస్తుంది. నిజం చెప్పుకోవాలంటే అవన్నీ బెల్లం పెట్టకపోయినా పోయేవే. కానీ ఆ మాట ఐలమ్మ ముఖం మీద అనగలిగే మొనగాడు ఆ గల్లీలో ఇంకా పుట్టలేదు.

ఆ బెల్లం వైద్యం ఆమెకు పుట్టింటి సొత్తు కాదు. మగ్గం నేర్పింది. సిరిసిల్ల పక్క పల్లె నుంచి కొత్త పెళ్లికూతురిగా సూరత్ రైలెక్కిన నాటికి ఆమెకు ‘పానీ’ తప్ప మరో హిందీ ముక్క రాదు. భర్త లస్మయ్య సూరత్ పక్కనే సచిన్ అనే ఊరి వైపు కార్ఖానాలో పవర్‌లూమ్ నడిపేవాడు. షిఫ్టు దిగి వచ్చేసరికి జుట్టులో నూగు, కనురెప్పల మీద నూగు, ముక్కు రంధ్రాల్లో కూడా దారపు నూగే. గడపలోనే కూర్చుని చెయ్యి చాపేవాడు. ఐలమ్మ ఆ చేతిలో బెల్లం ముక్క పెట్టేది. “ఇగ నూగంత కిందికి గుంజుకపోతది” అనేవాడు. మగ్గాల దగ్గర బతికే వాళ్లందరిదీ అదే నమ్మకం, అదే మందు. గొంతులో ఏది పడినా బెల్లమే దింపుతుందని ఐలమ్మ మనసులో అలా నాటుకుపోయింది. ఇంత బెల్లం తిన్న లస్మయ్య చివరికి ఊపిరితిత్తులు చెడి, మంచంలో కూర్చుని గాలి కోసం నోరు తెరుస్తూ తెరుస్తూ పోయాడు. నూగు బెల్లం మాట వినలేదన్నమాట. ఆ సంగతి ఐలమ్మ ఎన్నడూ ఆలోచించలేదు. ఆలోచిస్తే ఆమెకు మిగిలేదేముంది కనుక?

మిగిలింది ఆ చేతివాసి ఒక్కటే మరి. కళ్లు ఆనక రాళ్లంటించే పని ఎప్పుడో మానేసింది. కొడుకు సంపత్ తండ్రిలాగే మగ్గాల మీదే ఉన్నాడు. ఇల్లు నడిపేది కోడలు సంతోషి. ఆమె సూరత్‌లోనే పుట్టి పెరిగిన పిల్ల. గుజరాతీలో బేరమాడుతుంది, హిందీలో తిడుతుంది, తెలుగులో ఏడుస్తుంది. రింగ్ రోడ్ మార్కెట్ నుంచి చీరల కట్టలు తెచ్చుకుని ఇంట్లోనే రాళ్లంటిస్తుంది. అత్తంటే గౌరవమే, కానీ అత్త డబ్బాతో మాత్రం ఆమెకు పడదు.

“అత్తమ్మా, ఊరోళ్లకు ఏమన్న పెట్టుకో. మన పోరని నోట్లె మాత్రం నన్నడగకుంట ఏం పెట్టకు” అని ఒకసారి మొహమాటం లేకుండా చెప్పేసింది.

“నీ మొగన్ని సాదిన చెయ్యే ఇది, మర్శిపోకు” అని ఐలమ్మ కూడా అంతే వాడిగా బదులిచ్చింది. ఆ తర్వాత ఇద్దరూ కొన్నాళ్లు కంచాలు చప్పుడయ్యేలా పెట్టుకున్నారు.

పోరడు అంటే మనవడు లక్షిత్. ఇంకా రెండేళ్లు నిండలేదు. తాత లస్మయ్య పేరు పెట్టండ్రా అంటే కొడుకూ కోడలూ దాన్ని నున్నగా చెక్కి లక్షిత్ అన్నారు. ఐలమ్మ భర్త పేరు నోటితో అనదు కాబట్టి వాణ్ణి “పెద్దాయనా” అని పిలుస్తుంది. వాడు కూడా పెద్దాయనలాగే నడుముకు చేతులు పెట్టుకుని తిరుగుతాడు.

ఆ రోజు సద్దుల బతుకమ్మ. సూరత్‌లో తంగేడు పువ్వు ఎక్కడ దొరుకుతుంది? గునుగు ఎక్కడ దొరుకుతుంది? నవరాత్రుల్లో బంతిపూల ధర వింటేనే కళ్లు తిరుగుతాయి. అందుకని ఆ గల్లీ ఆడవాళ్లు చీరల కత్తిరింపు ముక్కలతో పువ్వులు చుట్టి బతుకమ్మ పేరుస్తారు. బట్టలు నేసే వాళ్ల బతుకమ్మ బట్టలదే అయితే తప్పేమిటి? కానీ ఆ గుడ్డ నిప్పు తగిలితే భగ్గుమంటుంది. ఒక ఏడు దీపం ఒరిగి ఎల్లవ్వ కొంగు దాకా మంట పాకింది. అప్పటి నుంచి నూనె దీపాలు బంద్. బతుకమ్మ మీద గౌరమ్మ పక్కన బ్యాటరీతో వెలిగే ప్లాస్టిక్ దీపాలే పెడుతున్నారు. ఫుట్‌పాత్ మీద సంచుల్లో పోసి అమ్మే చవక దీపాలు అవి. అడుగున చిన్న మూత, మూత లోపల రూపాయి బిళ్లంత సెల్లు. ఆ మూతకు స్క్రూ ఉండదు.

మధ్యాహ్నం కావస్తోంది, ఇంకా భోజనాలు కాలేదు. సంతోషి గోడ వైపు తిరిగి కూర్చుని చీర అంచుకు రాళ్లంటిస్తోంది. ఐలమ్మ గుడ్డ పువ్వులు చుడుతోంది. ఇద్దరి మధ్యా లక్షిత్ నేల మీద పొర్లుతూ ఆడుకుంటున్నాడు. ఉన్నట్టుండి వాడు “ఓక్” అన్నాడు. ఐలమ్మ తలెత్తి చూసేసరికి వాడి ముఖం ఎర్రబడి ఉంది, కళ్లలో నీళ్లు, నోట్లోంచి చొంగ తాడులా కారుతోంది. ఏడుస్తున్నాడు, ఏడుపు మధ్యలో మెడ ముందుకు చాచి గుటకేస్తున్నాడు. గుటక దిగడం లేదు.

“అయ్యో, రాయి మింగిండే!” అంది ఐలమ్మ.

సంతోషి చేతిలోని చీర విసిరేసి వాణ్ణి ఎత్తుకుంది. నోరు తెరిచి చూసింది. ఏమీ కనపడలేదు. ఐలమ్మ వేలు పెట్టబోతే చెయ్యి పట్టుకుని ఆపింది. “వద్దు, వద్దత్తమ్మా! ఏలు పెడితే ఇంక లోపటికి పోతది. ఏడుస్తున్నడంటే ఊపిరి ఆడుతున్నది. దవాఖానకు పోదాం.”

“రాయికి దవాఖానేందే? గంత అరటిపండుల పెడితే...”

“అత్తమ్మా! నీకు దండం పెడత. అంగన్‌వాడీల చెప్పిండ్రు, డాక్టర్ చూసేదాంక నోట్లె ఏం పెట్టొద్దంట, నీళ్లు గూడ. గల్లీకడ్డం అమ్మోరి మండపం ఏసిండ్రు, లోపటికి ఆటో రాదు. నేను రోడ్డు మీదికెళ్లి ఆపి వస్త. నువ్వు వీన్ని ఎత్తుకొని కూసో. ఏం పెట్టకు.”

చెప్పులు కూడా వేసుకోకుండా ఉరికింది.

ఐలమ్మ ఒళ్లో పిల్లాడు మెలికలు తిరుగుతున్నాడు. ఆమె గూటి వైపు చూసింది. డబ్బా అక్కడే ఉంది. గల్లీలో ఎంతమంది పిల్లలకు దిగింది! పరాయి బిడ్డలకు దిగింది, తన ఇంటి బిడ్డకు దిగదా? కోడలు ఆటో తెచ్చేలోగా వీడు నవ్వుతూ కూర్చుంటే ఆ అంగన్‌వాడీ మాటలన్నీ ఎటు పోతాయో చూడాలి. ప్రేమ ఉంది, కాదనలేం. కానీ ఆ ప్రేమ నెత్తి మీద పంతం కూర్చుని ఉంది. లేచి డబ్బా దించింది. పండు తుంచి, మధ్యలో బెల్లం కూరి, “మింగు నా పెద్దాయనా, మింగు నా తండ్రీ” అంటూ నోట్లోకి నెట్టింది. వాడు వద్దని తల విదిల్చాడు. ఆమె మళ్లీ పెట్టింది. కాస్త లోపలికి పోయింది. మరుక్షణం వాడు విల్లులా వెనక్కి వంగి కెవ్వుమన్నాడు. సగం బయటికి కక్కాడు. కక్కినదాంట్లో ఎర్రటి చార ఒకటి ఉంది. అది బెల్లం రంగో, రక్తమో ఆమె మసక కళ్లకు తేలలేదు.

తుడవడానికి గుడ్డ కోసం పక్కకు వంగిన ఐలమ్మకు గుడ్డ పువ్వుల కింద బోర్లాపడిన దీపం దొరికింది. తిప్పి చూసింది. అడుగు మూత లేదు. వేలు పెట్టి తడిమింది. సెల్లు లేదు.

ఆమె పై ప్రాణాలు పైనే పోయాయి. సెల్లంటే ఏమిటో ఆమెకు ఏ డాక్టరూ చెప్పనక్కర్లేదు. లస్మయ్య రేడియో ఒకటి ఉండేది. ఆయన పోయాక దాన్ని ముట్టలేక అలాగే అటక మీద పెట్టింది. తర్వాతెప్పుడో దించి చూస్తే లోపలి సెల్లు కారి రేడియో పొట్టంతా తినేసింది. ఇనుప స్ప్రింగు ముట్టుకుంటే పిండిలా రాలింది. ఇనుమునే తిన్నది పసివాడి గొంతును వదులుతుందా?

“సంతోషీ!” అని ఆమె వేసిన కేకకు గల్లీ అంతా తలుపులు తెరిచింది. పిల్లాణ్ణి భుజాన వేసుకుని, దీపం గుప్పిట్లో పట్టుకుని, మండపం కర్రల కింద నుంచి దూరి రోడ్డు మీద పడింది. సంతోషి అప్పుడే ఆటో ఆపింది.

“రాయి గాదు బిడ్డా, సెల్లు! దీపంల సెల్లు మింగిండు!”

సంతోషి దీపాన్ని చూసింది, కొడుకును చూసింది, ఆటోలోకి దూకింది. “భయ్యా, బడా ఆస్పతాల్! జల్దీ!”

ఆ ఒక్క మాటా చెప్పిన ఐలమ్మ రెండో మాట చెప్పలేదు. ఆటోలో చెబుదామనుకుంది. కోడలు ఫోను చెవికి పెట్టుకుని మొగుడికి చేస్తూనే ఉంది. మగ్గాల రొదలో సంపత్‌కు ఫోను ఎక్కడ వినపడుతుంది? ఉధనా దాటే దగ్గర గర్బా ఊరేగింపు కోసం రోడ్డు సగం మూసేశారు. ఆటో అతను హారన్ మీద నుంచి చెయ్యి తీయలేదు. “బచ్చా హై, బచ్చా హై” అని అరుస్తూ పక్క బండ్లను జరిపించాడు. లక్షిత్ ఏడుపు సన్నబడింది. తల్లి భుజం చొంగతో తడిసిపోయింది. వాడి మూతి దగ్గర అంటుకున్న అరటిపండు పిసరు ఐలమ్మకు కనపడింది. కొంగుతో గభాలున తుడిచేసింది. ఒట్టి సాయంలా కనిపించే ఆ పని ఏమిటో ఆమెకు తెలుసు.

పెద్దాసుపత్రిలో సంతోషి దీపాన్ని చూపించి “సెల్లు మింగాడు” అనగానే వరసలో నిలబడమని ఎవరూ అనలేదు. నేరుగా లోపలికి తీసుకెళ్లి ఎక్స్‌రే తీశారు. డాక్టరమ్మ చిన్న వయసామె, గుజరాతీ ఆమె. తెర మీద పక్కటెముకల మధ్య తెల్లటి గుండ్రటి మచ్చ చూపించి, అంచు లోపల ఇంకో సన్నటి గీత చూపించింది.

“రూపాయి బిళ్లయితే ఒక్కటే గీత ఉంటుంది. ఇది సెల్లే. అన్నం దిగే గొట్టంలో ఇరుక్కుంది. అక్కడున్నంతసేపూ కాలుస్తూనే ఉంటుంది. ఇప్పుడే తీయాలి” అంది హిందీలో. తర్వాత సంతోషి కళ్లలోకి చూస్తూ అడిగింది. “మత్తు ఇవ్వాలి. పొట్టలోగానీ గొంతులోగానీ తిండి ఉంటే మత్తులో అది పైకి తన్ని ఊపిరితిత్తుల్లోకి పోతుంది. అందుకే అడుగుతున్నా. మింగాక ఏమైనా పెట్టారా?”

“లేదు డాక్టర్. ఒక్క చుక్క నీళ్లు గూడ పెట్టలే. పొద్దుగాల పాలు తాగిండు, అంతే” అంది సంతోషి. ఆ మాట అనేటప్పుడు ఆమె గొంతులో గర్వంలాంటిది కూడా ఉంది. చెయ్యాల్సిన పనిని చేశానన్న ధైర్యం అది.

ఐలమ్మ పక్కనే నిలబడి ఉంది. నోరు తెరిచింది. డాక్టరమ్మ అప్పటికే తిరిగి నర్సుకు ఏదో చెబుతోంది. పిల్లాణ్ణి బండి మీద పడుకోబెట్టి నడవా వెంట తోసుకుపోతున్నారు.

చెబితే ఏమవుతుంది? కోడలు ఈ జన్మకు క్షమించదు. కొడుకు ముఖం చూడడు. గల్లీలో ఎల్లవ్వ మొదలుకుని అందరూ, “సొంత మనుమని గొంతుల బెల్లం కుక్కిందంట” అని చెవులు కొరుక్కుంటారు. కొండనాలుకకు మందేస్తే ఉన్న నాలుక ఊడినట్టయిందంటారు. ఇన్నాళ్లూ ఆ ఇంట్లో తనకంటూ ఉన్నది ఆ చెయ్యే, ఆ పేరే. అది పోతే తనెవరు? తిని కూర్చునే ముసలిది. చెప్పకపోతే? కక్కేశాడు కదా, సగమే కదా పోయింది. ఏమీ కాకపోవచ్చు.

ఊపిరితిత్తుల్లోకి పోతుంది అంది ఆ పిల్ల. ఐలమ్మకు మంచంలో కూర్చుని గాలి కోసం నోరు తెరిచిన మనిషి కళ్ల ముందు నిలిచాడు. అంత బెల్లం తిన్న మనిషి. తను చేతులారా పెట్టిన బెల్లం. ఒక పెద్దాయన అలా పోవడం చూసింది. ఇంకో పెద్దాయన బండి మీద పోతున్నాడు.

“ఆగుండ్రి!”

ఆ వయసులో ఆమె అలా పరుగెత్తగలదని ఎవరూ అనుకోరు. మూసుకోబోతున్న తలుపుకు భుజం అడ్డం పెట్టింది. “డాక్టరమ్మా! ఖిలాయా! మైనే ఖిలాయా!” అని అరిచింది. నేనే తినిపించాను అని. “కేలా... కేలేమే గుడ్... అరటిపండుల బెల్లం పెట్టి తినిపించిన. సగం కక్కిండు, సగం లోపటికి పోయింది. కోడలుకు తెల్వది. ఆమె వద్దన్నది. నేనే పెట్టిన.”

సంతోషి అత్త ముఖంలోకి అలా చూస్తూ ఉండిపోయింది. ఆ చూపు కంటే చెంపదెబ్బ నయమనిపించింది ఐలమ్మకు.

డాక్టరమ్మ తిట్టలేదు. తిట్టే తీరిక ఆమెకు లేదు. ఎంత పెట్టావు, ఎప్పుడు పెట్టావు, కక్కినదాంట్లో ఏముంది అని గబగబా అడిగింది. ఐలమ్మ దాచకుండా అంతా చెప్పింది, ఎర్రచారతో సహా. డాక్టరమ్మ లోపలికి కేకేసి మత్తు డాక్టరుకు చెప్పింది. “కడుపు ఖాళీ లేదు. ముందే ఊపిరి గొట్టం వేసి, పైనున్నది పీల్చేశాకే సెల్లు జోలికి పోదాం.” తలుపు మూసుకుంది.

బయట బల్ల మీద అత్త ఒక చివర, కోడలు ఇంకో చివర. మధ్యలో ఆ ప్లాస్టిక్ దీపం. కాసేపటికి సంపత్ జుట్టులో నూగుతోనే ఉరికొచ్చాడు. విషయం విని, “ఎందుకు పెట్టినవే అమ్మా?” అని తల పట్టుకున్నాడు. తలుపు ఎంతకీ తెరుచుకోలేదు. లోపల ఏదో యంత్రం కూస్తూ ఉంది. ఆ కూత ఆగితే ఏమవుతుందో, ఆగకపోతే ఏమవుతుందో తెలియక ఆమె గౌరమ్మనూ అడగలేదు, దేవుడికీ మొక్కలేదు. చేతులు రెండూ కొంగులో చుట్టేసుకుని కూర్చుంది.

చివరికి డాక్టరమ్మ బయటికి వచ్చింది. చిన్న డబ్బాలో సెల్లు ఉంది. ఒక వైపు నల్లగా మాడిపోయింది. “వచ్చేసింది. లోపల కాలింది, కానీ గొట్టానికి చిల్లు పడలేదు. కొన్నాళ్లు ముక్కులోంచి గొట్టంతోనే పాలు. తర్వాత కూడా చూపిస్తూ ఉండాలి, గొంతు సన్నబడొచ్చు.” వెళ్లబోతూ ఆగి, ఐలమ్మ వైపు చూసింది. “సెల్లు మీద బెల్లం ముద్ద అలాగే అతుక్కుని ఉందమ్మా. మాకు తెలియకుండా మత్తు ఇచ్చి ఉంటే చాలా కష్టమయ్యేది.”

ఆ రోజులన్నీ ఐలమ్మ ఆసుపత్రి నడవాలోనే గడిపింది. మనవడి మంచం దగ్గరకు వెళ్లేది, దూరంగా నిలబడేది, ముట్టుకునేది కాదు. సంతోషి మాట్లాడేది, అవసరం మేరకే. “టీ తాగు.” “జర పక్కకు జరుగు.” అంతే. గల్లీ నుంచి ఎల్లవ్వ చూడ్డానికొచ్చి, “ఏమైందే ఐలమ్మా, నీ చేతికి దిగలేదా?” అంది. “దిగేటిది గాదు ఎల్లవ్వా. నా చేతితోని ఏదీ దిగలే, ఎప్పుడు గూడ. అవి వాటంతటవే దిగినయి” అంది ఐలమ్మ.

ముక్కులోని గొట్టం తీసేసిన రోజు పొద్దున నర్సు చిన్న గిన్నెలో నీళ్లూ చెంచా తెచ్చి పెట్టింది. ఒక్కో చెంచా తాపి చూడమంది. సంతోషి గిన్నె అందుకుంది. కొడుకు వైపు చూసింది. తర్వాత గోడకు ఆనుకుని నిలబడ్డ అత్త వైపు చూసింది.

“అత్తమ్మా, ఇటు రా. నువ్వు తాపు.”

ఐలమ్మ వెనక్కి జరిగింది. “నేనెందుకు బిడ్డా? వద్దు. నా చెయ్యి మంచిది గాదు.”

“నీ మీద నా కోపం పోలే. ఎప్పుడు పోతదో నాకు గూడ తెల్వది” అంది సంతోషి. “గని నువ్వు ఉరికి చెప్పకపోతే వీనికి గియ్యాల నీళ్లు తాపుడే ఉండకపోవు. పట్టు.”

చెంచా ఐలమ్మ చేతికొచ్చింది. మంచం మీద పెద్దాయన మెడ చాచి నోరు తెరిచాడు. ఐలమ్మ చెంచా వాడి పెదవుల దాకా తీసుకెళ్లి, ఆపి, నర్సు వైపు తిరిగింది.

“పిలాఊఁ?” అని అడిగింది. తాపొచ్చా అని.

“హాఁ అమ్మా, పిలావో.”

తాపింది. వాడి గొంతు కదిలింది. గుటక దిగింది. వాడు ఇంకా కావాలని మళ్లీ నోరు తెరిచాడు. ఐలమ్మ చెంచా నింపుకుని, మళ్లీ నర్సు వైపు తిరిగి అడిగింది.